కొట్టివేత లేని పుస్తకం

పురపాలక సంఘం ఆఫీసులో ఆయన్ని అసలు పేరుతో పిలిచేవాళ్లంతా ఎప్పుడో రిటైరైపోయారు. మిగిలినవాళ్లకి ఆయన ముత్యాలాయన. అక్షరాలు ముత్యాల్లా ఉన్నాయని పూర్వం ఎవరో ఒక చైర్మన్ అన్నాడట, ఆ మాట కాస్తా మనిషికి అంటుకుపోయింది. కౌన్సిల్ సభ జరిగిన ప్రతిసారీ ఎవరేమన్నారో, ఏం తీర్మానించారో మినిట్స్ పుస్తకంలో రాయడం ఆయన ఉద్యోగం. ముప్పై ఒక్క ఏళ్లు, ముప్పై ఒక్క పుస్తకాలు. వాటిలో ఒక్క కొట్టివేత లేదు, ఒక్క దిద్దుబాటు లేదు, సిరా మరకైనా లేదు. పెళ్లిళ్లలో, ఆసుపత్రి వరండాల్లో, బస్సు కోసం నిలబడ్డ చోట, ఎక్కడ నలుగురు దొరికినా ఈ సంగతిని ఎలాగోలా మాటల్లోకి లాక్కొచ్చేవాడు. వినేవాళ్లు ఆవలించినా ఆయనకి పట్టేది కాదు. మనిషన్నాక ఒక్క గర్వమైనా ఉండాలి కదా, పాపం ఆయనకి ఉన్నది ఇదొక్కటే.

అంత శుభ్రంగా ఎలా రాయగలిగాడంటే, దానికో కిటుకుంది. ఆయన సభ జరిగాక రాసేవాడు కాదు. సభకు ముందురోజే రాసేవాడు.

ఇందులో మోసం ఉందని ఆయన ఏనాడూ అనుకోలేదు. కొత్తలో అందరిలాగే సభలో కూర్చుని చిత్తుకాగితం మీద గిలుక్కుని, తర్వాత తీరిగ్గా పుస్తకంలోకి ఎక్కించేవాడు. అప్పటి చైర్మన్‌కి ఆకలి ఎక్కువ, ఓపిక తక్కువ. సభ ముగిసిన మరుక్షణం సంతకం గీకేసి భోజనానికి వెళ్లిపోవాలి. "ఏం జరుగుతుందో నీకు తెలీదటయ్యా? ముందే రాసి పెట్టు" అన్నాడు. నిజమే, తెలియనిదేముంది? అజెండా ముందే వస్తుంది. పాలకపక్షం బలపరుస్తుంది, ప్రతిపక్షం అభ్యంతరం చెబుతుంది, తీర్మానం నెగ్గుతుంది, ఆఖర్న ప్రతిపక్ష నాయకుడు లేచి సభకు ధన్యవాదాలు చెబుతాడు. హాజరు సంఖ్యకు చోటు వదిలి మిగతాదంతా ముందురోజు మధ్యాహ్నం కిటికీ పక్కన కూర్చుని తాపీగా రాసేవాడు. సభ కాస్త అటూ ఇటూ అయినా పుస్తకం మాత్రం అయ్యేది కాదు. చైర్మన్లు మారారు గానీ ఆ పద్ధతి మారలేదు.

ఇక ఆయన మరదలి సంగతి చెప్పాలి. భార్యకు సొంత చెల్లెలు. మార్కెట్ భవనంలో మెట్ల కింద మిషను పెట్టుకుని బట్టలు కుట్టేది. అక్కడ అలాంటివాళ్లు ఇంకో పదకొండు మంది ఆడవాళ్లున్నారు. పట్టపగలే బల్బు వెలగాలి. ఆ గుడ్డి వెలుతురులో సూదికి దారం ఎక్కించీ ఎక్కించీ నలభై నిండకుండానే అందరికీ కళ్లజోళ్లు. పన్నెండేళ్ల కిందట వాళ్లందరి తరఫునా ఈవిడే ఒక అర్జీ రాసి కౌన్సిల్‌కి పెట్టింది. పై అంతస్తులో నాలుగు కిటికీల గది ఖాళీగా పడి ఉంది, మాకివ్వండి అని. నెల తిరక్కుండా తీర్మానం నకలు వచ్చింది. "ఈ అంశాన్ని సభ సుదీర్ఘంగా చర్చించి, నిబంధనలు అనుమతించనందున తిరస్కరించడమైనది."

ఇంకొకరైతే దాన్ని చించి పొయ్యిలో పడేసేవాళ్లు. ఆవిడ ప్లాస్టిక్ కవర్లో పెట్టి దాచుకుంది. "సుదీర్ఘంగా చర్చించారట. అంటే మా వైపు ఎవరో ఒకరు మాట్లాడే ఉంటారుగా. వద్దన్నవాళ్లు ఏమని వద్దన్నారో తెలిస్తే జవాబు చెప్పేదాన్ని. లోపలుంటే చెప్పేదాన్ని" అనేది. లోపలికెళ్లడానికే ఎన్నికల్లో నిలబడింది. మొదటిసారి ఓడింది, రెండోసారి నిచ్చెన గుర్తు మీద గెలిచింది. ప్రచారంలో ప్రతి వీధిలోనూ ఆ కవరు పైకెత్తి చూపించేది. అక్కగారింట్లో భోజనాల దగ్గరా ఇదే కథ. కథ "సుదీర్ఘంగా" దాకా వచ్చేసరికి బావగారు మంచినీళ్ల గ్లాసు కోసం వెతుక్కునేవాడు.

ఇప్పుడు గొడవలోకి వద్దాం. కౌన్సిల్లో ముప్పై ఒక్క మంది. పదిహేడు మంది పాలకపక్షం. మిగిలిన పద్నాలుగులో గొడుగు పార్టీవాళ్లు ఎనిమిది, నిచ్చెన పార్టీవాళ్లు ఆరు. రెండు పార్టీలూ పొత్తు పెట్టుకుని పోటీ చేశాయి కాబట్టి ప్రతిపక్ష నాయకుడు ఇద్దరికీ కలిపి ఒక్కడే, పద్నాలుగు మందిలో ఎక్కువమంది ఎవరంటే వారు. మొదట గొడుగు పార్టీ కాంట్రాక్టర్ని కూర్చోబెట్టారు. ఆయన చైర్మన్ ఏమన్నా "సరే సార్" అనేవాడు. ఆర్నెల్లలో ఆయన పేరే సరేసార్ అయిపోయింది. ప్రతిపక్ష నాయకుడికి అందరికీ లేని హక్కు ఒకటుంది. ప్రతి సభలోనూ తనకు తోచిన అంశం ఒకటి పెట్టవచ్చు, దాన్ని చర్చించి తీరాలి. సరేసార్ రెండేళ్లలో ఒక్క అంశమూ పెట్టలేదు. కుట్టుపని ఆవిడకు కావలసింది సరిగ్గా ఆ ఒక్క హక్కే. నిచ్చెనవాళ్లు ఆరుగురూ, సరేసార్ మీద విసిగిపోయిన గొడుగువాళ్లు ముగ్గురూ, మొత్తం తొమ్మిది మంది ఆవిణ్ణి నాయకురాలిగా ఎన్నుకుంటూ సంతకాలు పెట్టారు. రూలు ప్రకారం ఆ ఉత్తరం సభలో చదవాలి. చదివిన క్షణం నుంచి కొత్త నాయకురాలే, ఏడాది దాకా ఎవరూ కదపడానికి వీల్లేదు.

ఆవిడ చదివింది. సభ ఆఖర్న లేచి నిలబడి, తొమ్మిది పేర్లూ ఒక్కొక్కటే చదివింది. ఆ గొంతు వినపడకూడదని పాలకపక్షంవాళ్లు బల్లలు చరిచారు. సరేసార్ అప్పటికే ఫోన్ చెవిన పెట్టుకుని బయటికి పోయాడు. ఆవిడ నడిచి వెళ్లి ఆ కాగితం చైర్మన్ బల్ల మీద పెట్టింది. తర్వాత అది ఎటుపోయిందో ఆ బల్లకే తెలియాలి. సభలో మాటలు పట్టే యంత్రం పాడై రెండేళ్లు, బాగుచేయించే ఫైలు ఇంకా నడుస్తోంది.

ముత్యాలాయన తన చిన్న బల్ల దగ్గర, కలం చేతిలో పట్టుకుని, ఇదంతా చూశాడు, విన్నాడు. ఎదురుగా పుస్తకం తెరిచి ఉంది. పేజీ అడుగున ముందురోజు రాసిన ఆఖరి వాక్యం ఆరి నిగనిగలాడుతోంది. "చివరగా ప్రతిపక్ష నాయకులు శ్రీ కాంట్రాక్టరు గారు సభకు ధన్యవాదాలు తెలిపారు." కింద చైర్మన్ సంతకానికి అంగుళం చోటు. జరిగింది రాయాలంటే ఆ వాక్యం కొట్టేయాలి. మార్జిన్లో ఇరికించి రాయాలి. ముప్పై ఒక్క ఏళ్లలో మొదటి గీత. ఆయనకు చెయ్యి రాలేదు. వచ్చే సభలో మొదటి అంశంగా ఎక్కిద్దాంలే, ఉత్తరం ఎలాగూ ఫైల్లో ఉంటుంది కదా అనుకున్నాడు. చైర్మన్ పుస్తకం లాక్కుని సంతకం పెట్టాడు. ముత్యాలాయన కలానికి మూత పెట్టాడు.

వారం తిరిగేసరికి గొడుగు పార్టీ పొత్తు తెంచుకుంది. ఆ ముగ్గురూ సొంత గూటికి చేరిపోయి, ఉత్తరం సభలో చదవనేలేదు, ఈలోపే మా సంతకాలు వెనక్కి తీసుకున్నాం అన్నారు. పొత్తు లేదు కాబట్టి పెద్ద పార్టీ మాదే, నాయకుణ్ణి నేనే అన్నాడు సరేసార్. ఆవిడ కోర్టుకెక్కింది. ఉత్తరం ఆ రోజు చదివి ఉంటే ఆవిడే నాయకురాలు, లేకపోతే కాదు. కేసంతా ఆ ముక్క దగ్గరే ఆగింది. చదివిందని ఆరుగురూ, చదవలేదని పాతిక మందీ చెప్పారు. ఎవరి పార్టీ మాట వాళ్లది. "పార్టీ లేని సాక్షి ఆ హాల్లో ఒకటే ఉంది, మినిట్స్ పుస్తకం. దాన్నీ, దాన్ని రాసినాయన్నీ పిలిపించండి" అన్నారు జడ్జిగారు.

సమన్లు వచ్చిన రోజు సాయంత్రమే మరదలు ఇంటికొచ్చింది. మెడలో కొలత టేపు అలాగే ఉంది, దుకాణం నుంచి నేరుగా వచ్చినట్టుంది. అక్కగారు టీ ఇచ్చి పక్కనే కూర్చుంది.

"బావగారూ, లేనిది చెప్పమనడం లేదు. ఆ రోజు విన్నారుగా, విన్నానని చెప్పండి చాలు."

"పుస్తకంలో లేదు కదమ్మాయ్. పుస్తకంలో లేనిది నేనెలా చెప్పను?"

"పుస్తకంలో ఉందా అని కాదండీ నేనడిగేది. సభలో జరిగిందా లేదా అని."

"నేను చెప్పినా ఏమంటారో తెలుసా? మరదలి కోసం చెప్పాడంటారు. నీకే నష్టం."

ఈ సాకు ఆయనకి అప్పటికప్పుడు తట్టింది, తట్టగానే ఎంతో ఊరటగా కూడా అనిపించింది. ఆవిడ టేపు కొస వేలికి చుట్టుకుంది.

"నేను రోజుకి పది కుట్లు విప్పుతానండీ. తప్పు పడిందంటే విప్పడమే. విప్పిన చోట సూది గుర్తులు పడతాయి. పడితే పడనీ, చొక్కా ఒంటికి సరిపోవాలి గానీ."

"చూద్దాంలే" అన్నాడాయన.

"చూద్దాం" అన్నవాడు ఏం చేస్తాడో వినేవాళ్లకి తెలుస్తూనే ఉంటుంది. ఆవిడ మాత్రం తెలియనట్టే లేచి, "రిటైర్మెంటుకి చొక్కా కుడతానన్నాగా, కాస్త నిలబడండి" అని కొలతలు తీసుకుంది. భుజం మీద ఆవిడ వేళ్లు ఆనినప్పుడు ఆయన కిటికీలోంచి బయటికి చూస్తూ నిలబడ్డాడు.

కోర్టు వాయిదాకు రెండురోజుల ముందు చైర్మన్ పిలిపించాడు. బెదిరించలేదు. బెదిరిస్తే బాగుండేది, భయపడి చేశానని చెప్పుకోవడానికైనా ఉండేది. కుర్చీ చూపించి, "వచ్చేనెల సభే మీకు ఆఖరిది కదండీ. ఓ ఆలోచన వచ్చింది. మీ పుస్తకాలన్నీ సభాహాల్లో అద్దాల బీరువాలో పెడదాం. కొట్టివేత లేని ముప్పై ఒక్క పుస్తకాలని బోర్డు రాయిద్దాం. కుర్రాళ్లు చూసి నేర్చుకుంటారు" అన్నాడు. ఇంకో మాట అనలేదు. ఆయనా అడగలేదు. ఇంటికి నడిచి వెళ్తూ దారి పొడుగునా ఆ బీరువా ఏ గోడకు పెడితే బాగుంటుందని ఆలోచించాడు. అలా ఆలోచించినందుకు తర్వాత్తర్వాత ఆయన సిగ్గుపడ్డంత ఇంక దేనికీ పడలేదు.

కోర్టు గది చిన్నది. ఫ్యాను తిరిగినప్పుడల్లా కాగితాలు లేచి పడుతున్నాయి. నిజం చెబుతానని ప్రమాణం చేయించారు. సరేసార్ తరఫు ప్లీడరు పుస్తకాన్ని పసిబిడ్డని ఎత్తుకున్నట్టు రెండు చేతులా పట్టుకుని వచ్చాడు.

"ముప్పై ఒక్క ఏళ్లలో ఒక్క కొట్టివేత కూడా లేదని విన్నాను. నిజమేనాండీ?"

"నిజమేనండీ." ఆ మాట అంటున్నప్పుడు ఆయన ఛాతీ తనకు తెలియకుండానే కాస్త పొంగింది.

"ఇందులో రాసిందే సభలో జరిగింది?"

"అవునండీ."

తర్వాత కుట్టుపని ఆవిడ తరఫు లాయరమ్మ లేచింది. చిన్నపిల్ల, గొంతు మెత్తన.

"మినిట్స్ ఎప్పుడు రాస్తారండీ మీరు?"

గుమ్మడికాయల దొంగ ఎవరంటే భుజాలు తడుముకున్నట్టు, ఆయన చెయ్యి చొక్కా జేబులోని కలం మీదికి పోయింది. ముందురోజు మధ్యాహ్నం, కిటికీ పక్కన. నాలుగు మాటలు. అవి చెబితే ఒక్క పేజీ కాదు, ముప్పై ఒక్క పుస్తకాలూ బీరువాలోంచి బజార్లో పడతాయి.

"సభ జరుగుతుండగా చిత్తు రాసుకుని, తర్వాత సాపు రాస్తానండీ."

"ఆ చిత్తుకాగితాలు ఉన్నాయా?"

"సాపు రాశాక చించేస్తానండీ."

అబద్ధం కూడా ముత్యంలాగే వచ్చింది, ఒక్క తడబాటు లేకుండా. జడ్జిగారు పుస్తకం తెప్పించుకుని నాలుగు పేజీలు తిరగేశారు. "ఇంత శ్రద్ధగా రాసిన రికార్డు ఈ మధ్య నేను చూడలేదు. ఇలాంటి మనిషి పొరపాటున కూడా ఒక విషయం వదిలేస్తాడని అనుకోలేం" అన్నారు. జీవితమంతా ఆ మాట కోసమే ఎదురుచూశాడు ముత్యాలాయన. తీరా అది చెవిన పడ్డాక తల కొట్టేసినట్టయింది. మరదలు వైపు చూడకుండా దిగిపోదామనుకున్నాడు గానీ కళ్లు ఊరుకోవు కదా. ఆవిడ ఆయన్ని చూడటం లేదు. తప్పు తనే చేసినట్టు తల దించుకుని ఒళ్లోని సంచీ పట్టీ సవరించుకుంటోంది.

ఆ రోజు ఇంట్లో అన్నం వడ్డిస్తూ భార్య ఒకే ఒక్క ప్రశ్న అడిగింది.

"అది ఉత్తరం చదివిందా లేదా?"

"చదివింది."

ఆవిడ గరిటె గిన్నెలో పెట్టి, గిన్నె ఆయన దగ్గరికి జరిపి, లోపలికి వెళ్లిపోయింది. తిడితే ఎదురు చెప్పడానికి ఆయన దగ్గర సిద్ధంగా చాలా మాటలున్నాయి. అన్నం కలిపినవాడు కలిపినట్టే కూర్చున్నాడు.

తీర్పు వచ్చింది. ఉత్తరం సభలో చదివినట్టు రుజువు కాలేదు, కాబట్టి సరేసారే ప్రతిపక్ష నాయకుడు. తీర్పులో మినిట్స్ పుస్తకాన్ని మూడుచోట్ల మెచ్చుకున్నారు. ఆఫీసులో అందరూ ఆయన చెయ్యి పట్టుకుని ఊపారు. ఆయన నవ్వాడు. నవ్వకపోతే ఎందుకు నవ్వలేదని అడుగుతారు.

ఆఖరి సభ వచ్చింది. రిటైరయ్యే ఉద్యోగిని అభినందిస్తూ తీర్మానం చేయడం అక్కడి ఆనవాయితీ. ఆ తీర్మానం రాయాల్సింది ఎవరు? మినిట్స్ రాసేవాడే. అంటే ముందురోజు మధ్యాహ్నం కిటికీ పక్కన కూర్చుని ముత్యాలాయన తన పొగడ్త తనే రాసుకోవాలి. రాశాడు. "నిష్కళంకమైన రికార్డును నిర్వహించినందుకు సభ ఏకగ్రీవంగా అభినందించినది. ప్రతిపక్ష నాయకులు శ్రీ కాంట్రాక్టరు గారు..." అక్కడ చెయ్యి ఆగింది. కాసేపు కిటికీలోంచి చూశాడు. ఎదురుగా మార్కెట్ భవనం, పై అంతస్తులో నాలుగు కిటికీలు, వాటి వెనక విరిగిన కుర్చీలు. ఆ కిటికీ పక్కన ఇన్నేళ్లు కూర్చున్నాడు, ఆ గది రోజూ కనిపిస్తూనే ఉంది. తల దించుకుని వాక్యం పూర్తి చేశాడు.

సభ రోజు పొద్దున్న చొక్కా వచ్చింది. అక్కగారి చేతికిచ్చి వెళ్లిపోయిందట, లోపలికి రాలేదట. మడత విప్పి చూస్తే కాలరు, కఫ్‌లు, గుండీలు, అన్నీ ఎప్పటిలాగే కుదురుగా ఉన్నాయి. ఎక్కడైనా ఒక్క కుట్టు వంకర పోయి ఉంటే ఆయనకి కాస్త హాయిగా ఉండేది.

"నేనిది వేసుకోలేనే" అన్నాడు.

"వేసుకోండి. అది మాటిచ్చింది కాబట్టి కుట్టింది. మాటంటే ఏంటో ఈ ఒక్కరోజైనా ఒంటిమీద ఉండనీండి" అంది భార్య. పెళ్లయిన ఇన్నేళ్లలో ఆవిడ ఆయనతో అంత కటువుగా మాట్లాడటం అదే మొదలు.

సభాహాల్లో అద్దాల బీరువా వచ్చేసింది. ముప్పై పుస్తకాలు వరసగా నిలబెట్టి ఉన్నాయి. ముప్పై ఒకటోది కోర్టు నుంచి ఇంకా రాలేదు, దానికి చోటు వదిలారు. బల్ల మీద కొత్త పుస్తకం. మరదలు వెనక వరసలో కూర్చుంది. చైర్మన్ తీర్మానం చదివాడు. సరేసార్ లేచి, మన మధ్య పార్టీలుండొచ్చు గానీ ముత్యాలాయనకి పార్టీ లేదు అన్నాడు. అందరూ చప్పట్లు కొట్టారు.

"ఇంకెవరైనా మాట్లాడతారా?" అన్నాడు చైర్మన్, ఎవరూ మాట్లాడరన్న ధీమాతో.

వెనక వరసలో ఆవిడ లేచింది. అందరూ కడిగిపారేస్తుందనే అనుకున్నారు. ముత్యాలాయన కూడా అదే అనుకున్నాడు, నిజానికి అదే కోరుకున్నాడు.

"ఆయన అక్షరాలు చాలా బాగుంటాయి. అది నిజం. తీర్మానాన్ని నేనూ బలపరుస్తున్నాను" అని కూర్చుంది.

ఆ మాటలో వెటకారం లేదు. నిజమైనది నిజమని చెప్పింది, అంతే. తనకు అన్యాయం చేసినవాడి గురించి కూడా ఉన్నదున్నట్టు చెప్పగలిగే మనిషి ఆవిడ. తనేమో అభిమానించే మనిషి గురించి కూడా చెప్పలేకపోయాడు. ముత్యాలాయనకి చెవులు భగ్గుమన్నాయి. లేచి నిలబడ్డాడు. వందన సమర్పణ చేస్తాడనుకుని అందరూ సర్దుకుని కూర్చున్నారు. ఆయన కలం మూత తీసి, పుస్తకం మీదికి వంగి, తన పొగడ్త మొదటి వరస నుంచి ఆఖరి వరస దాకా అడ్డంగా ఒక గీత గీశాడు. గీత వంకర్లు పోయింది. దాని కింద గబగబా నాలుగు వరసలు రాశాడు.

"నాలుగు నెలల కిందట ఈ హాల్లో ఆవిడ ఉత్తరం చదివారు. తొమ్మిది పేర్లూ చదివారు. నేను విన్నాను" అన్నాడు. "పేజీ ముందురోజే రాసేశాను కాబట్టి అందులో ఎక్కించలేదు. కోర్టులో అబద్ధం చెప్పాను."

అందరికంటే ముందు తేరుకున్నది చైర్మన్. "రిటైరయ్యే రోజు మనసు మనసులో ఉండదు. పెద్దాయన అలసిపోయారు, సభ ముగిసింది" అన్నాడు. ఆ నాలుగు వరసల కింద సంతకం పెట్టకుండా పుస్తకం మూసి పక్కకు తోసేశాడు. సంతకం లేని పేజీ రికార్డు కాదు. సరేసార్ పోతూ పోతూ, "మరదలంటే ఆమాత్రం ఉండాలిలే" అన్నాడు. కొందరు నవ్వారు. రెండు నిమిషాల్లో హాలు ఖాళీ అయింది.

ఆవిడ మాత్రం ఉండిపోయింది. వరసల మధ్యలోంచి నడిచి వచ్చి ఆయన చిన్న బల్లకి ఎదురుగా కుర్చీ లాక్కుని కూర్చుంది. ఆయన క్షమించమని అడగబోయాడు. ఆవిడ ఆ అవకాశం ఇవ్వలేదు.

"అప్పీలుకి ఇంకా పదకొండు రోజులుంది బావగారూ. ఇప్పుడు అన్నదే అఫిడవిట్ రాసిస్తారా?"

"రాసిస్తాను."

"మీమీద కేసు పడుతుందేమో."

"పడనీ."

ఆయనకి లోపల ఎక్కడో కాస్త తేలికయింది. ఇన్నాళ్లకి ఒక మంచిపని చేశానన్న సంతోషం కూడా, దొంగచాటుగా, తలెత్తింది. ఆవిడ సంచీలోంచి కళ్లజోడు తీసి పెట్టుకుంది.

"లాయరమ్మ ఇంకోటి కూడా కనుక్కోమందండీ. పేజీ ముందే రాస్తారేమోనని ఆ అమ్మాయికి మొదట్నుంచీ అనుమానమే. మీరు గనక ఒప్పుకుంటే, అవతలివాళ్లు తప్పకుండా అడుగుతారట. మనకి ముందే తెలియాలంది. ఇలా జరగనిది రాసింది ఈ ఒక్కటేనా? ఇంకా ఉన్నాయా?"

ముత్యాలాయన బీరువా వైపు చూశాడు. అద్దం వెనక ముప్పై పుస్తకాలు, వీపుల మీద తన చేత్తో రాసిన అంకెలు. పంతొమ్మిదోది పై అరలో, కుడి పక్క నుంచి మూడోది. ఇంకా లేవు అనేస్తే ఆవిడ నమ్ముతుంది. ఇంత జరిగాక కూడా నమ్ముతుంది. అది తెలిసే ఆయన ఆ మాట అనలేకపోయాడు.

"మీ కిటికీల గది అర్జీ" అన్నాడు చివరికి.

"అది చర్చించి కాదన్నారుగా."

"చర్చించలేదమ్మాయ్. అజెండాలో అది పద్నాలుగో అంశం. పదకొండో అంశం దగ్గరే భోజనాలకి లేచిపోయారు. మళ్లీ కూర్చోలేదు."

ఆవిడ అర్థం కానట్టు చూసింది.

"సుదీర్ఘంగా చర్చించి అని ఉంది కదండీ."

"ఎవరూ పట్టించుకోని ప్రతి అర్జీకీ నేను అలాగే రాసేవాణ్ణి. ముందురోజే రాసేశాను."

ఆవిడ సంచీలోంచి ప్లాస్టిక్ కవరు తీసింది. పన్నెండేళ్లు పైకెత్తి చూపించీ చూపించీ దాని అంచులు పసుపు రంగుకి తిరిగాయి. అందులో ఉన్నది తెలియనట్టు మొత్తం మళ్లీ చదివింది.

"అయితే మా గురించి ఎవరూ ఏమీ అనలేదా? వద్దని కూడా అనలేదా?"

"లేదు."

"వాళ్లు ఏమని ఉంటారో అనుకుని, పన్నెండేళ్లుగా జవాబులు తయారు చేసుకుంటున్నానండీ" అంది ఆవిడ. గొంతులో కోపం లేదు. బల్ల మీద కవరు పెట్టి, చదునుగా ఉండేలా అరచేత్తో రెండుసార్లు నిమిరి, ఆయన ముందుకు జరిపింది.

"ఇది కూడా అందులో రాయండి."

ఆయన తెల్లకాగితం తీసుకున్నాడు. మొదటి వాక్యం రాశాడు, తప్పు పోయింది, కొట్టేశాడు. మళ్లీ రాశాడు, అదీ కొట్టేశాడు. ఆవిడ ఎదురుగా కూర్చుని చూస్తూనే ఉంది. ముప్పై ఒక్క ఏళ్లలో ఆయన రాస్తుండగా ఒకరు కూర్చుని చూడటం అదే మొదటిసారి. కొత్త చొక్కా భుజాల దగ్గర సరిగ్గా సరిపోయింది. ఆయన తలెత్తకుండా రాస్తూ పోయాడు.